మెటాలికా ‘గరాజ్ ఇంక్.’: రెండో డిస్కు కోసమే కొనాలె

అమెరికా మెటల్ బ్యాండు మెటాలికాది, 1998 నవంబరుల వచ్చిన డబుల్ ఆల్బమ్. ఏండ్ల సంది మహబూబ్‌నగర్‌ల మా ఇంట్ల, కారుల మోగుతనే ఉన్నది. 27 ట్రాకులు, అన్నీ వేరేవాళ్ల పాటలే. మొదటి డిస్కు దాదాపు అంతా ఆ ఏడు ప్రొడ్యూసర్ బాబ్ రాక్‌తోని చేసిన కొత్త రికార్డింగులు. రెండోదాంట్ల 1984 సంది సింగిల్స్ వెనకవైపు, ఈపీల (నాలుగైదు పాటల చిన్న రికార్డుల) మీద చెదిరిపోయినవన్నీ ఏరి పెట్టిండ్రు.

మొదటి డిస్కు సౌండుకు వంక లేదు, పాటలే సగం నిలబడయి. మెర్సిఫుల్ ఫేట్ బ్యాండు పాటలు కలిపి అల్లిన మెడ్లీ వేరే సంగతి: అయిదు పాటలు, 11 నిమిషాలు, అతుకు యాడ కనవడదు. ‘విస్కీ ఇన్ ద జార్’ ఐర్లండు జానపదం, థిన్ లిజ్జీ బ్యాండు వరసల వాయించిండ్రు, గ్రామీ గూడ వచ్చింది. పాటల కథ: కెప్టెన్‌ను దోచుకున్న బందిపోటును, అతను నమ్మిన పిల్లే మోసం జేస్తది. పండుగ సాయన్న పాటలు విన్న పాలమూరోళ్లకు బందిపోటు మీద పాట కట్టుడు వింత గాదు. లినర్డ్ స్కినర్డ్ పాటను తొమ్మిది నిమిషాలు సాగదీసిండ్రు, నేనైతే దాటేస్త.

ఇగ రెండో డిస్కు. మొదలే 1987 ఈపీ. బాసిస్టు క్లిఫ్ బర్టన్ చనిపోయినంక జేసన్ న్యూస్టెడ్ బాస్ పట్టిన మొదటి రికార్డు. డ్రమ్ములు ఎండిపోయినట్టుంటయి, గిటార్లు గరుకుగ మీదికొస్తయి, పాలిష్ జాడే లేదు. ‘లాస్ట్ కరెస్/గ్రీన్ హెల్’ చివర్ల ఐరన్ మెయిడెన్ ‘రన్ టు ద హిల్స్’ను కావాల్నని బేసురుగ కొడ్తరు చూడు, ఇప్పటికీ నవ్వొస్తది. దాని తర్వాత 1984వి రెండు, క్లిఫ్ ఉన్నప్పటివి. ‘యామ్ ఐ ఈవిల్?’ల నెమ్మదిగ నడిచే ఆ మొదటి భాగం ఒక్కసారి ఉరుకుడు అందుకుంటది. శంషాబాద్ దిక్కు హైవే మీద ఆక్సిలేటర్ మీద కాలు భద్రం.

ఆఖర్న నాలుగు మోటర్‌హెడ్ పాటలు, 1995ల ఆ బ్యాండు గాయకుడు లెమ్మీ 50వ పుట్టినరోజు కోసం ప్రాక్టీసు చేసినవి. తప్పులు దాచుకోలే, అందుకే బాగున్నయి.

ఒక్కో కాలానిది ఒక్కో సౌండు గాబట్టి వాల్యూమ్ నాబ్ మీద చెయ్యి ఉండాలె. ‘సో వాట్’, ‘లాస్ట్ కరెస్’ మాటలు పచ్చి బూతులు, పిల్లలు కారెక్కితే పెట్టొద్దు.

ఈ రెండు డిస్కులల్ల నాలుగు పాటలు డైమండ్ హెడ్ అనే బ్రిటిష్ బ్యాండు 1980 ఆల్బమ్‌వే. అది దొరకబట్టి విన్నంక ‘హెల్ప్‌లెస్’ నాకు అసలోళ్లదే నచ్చింది. ‘ద ప్రిన్స్’ మాత్రం మెటాలికాదే పెట్టుకుంట.