వేడి పీనట్ బటర్ – జెల్లీ శాండ్‌విచ్: కాల్చి నింపడం మేలా, నింపి కాల్చడం మేలా?

పీనట్ బటర్, జెల్లీ రాసిన శాండ్‌విచ్‌ను అమెరికాలో ఎక్కువగా చల్లగానే తింటారు. 1901లో జూలియా డేవిస్ చాండ్లర్ బోస్టన్ వంట పాఠశాల పత్రికలో ఈ జోడీ గురించి రాసినప్పుడు, వేరుశనగ ముద్దకు తోడుగా కరెంట్ అనే చిన్న పుల్లని పండ్ల జెల్లీని గానీ, పుల్లని చిట్టి యాపిల్ జెల్లీని గానీ సూచించారు. కాంకర్డ్ అనే అమెరికా నల్ల ద్రాక్ష రకంతో చేసిన జెల్లీ ఈ శాండ్‌విచ్‌కు విడదీయరాని జంటగా మారింది ఆ తరువాతే. దీనిని వేడిగా తినాలనుకునేవారికి రెండు దారులున్నాయి. బ్రెడ్‌ను ముందే టోస్టర్‌లో కాల్చి తరువాత నింపవచ్చు, లేదా నింపిన శాండ్‌విచ్‌నే పెనం మీద కాల్చవచ్చు.

మొదటి దారి త్వరగా ముగుస్తుంది, పైగా అదనపు కొవ్వు అక్కరలేదు. అయితే టోస్టర్‌లో ముక్కకు రెండు వైపులా తేమ ఆరిపోతుంది కనుక లోపలి ముఖం కూడా గట్టిపడి, కొరికినప్పుడు జెల్లీ పక్కలకు జారిపోతుంది. పీనట్ బటర్‌కు అందేది బ్రెడ్‌లో మిగిలిన వేడి మాత్రమే, అది కాస్త మెత్తబడడానికి చాలుతుంది గానీ వేయించిన గింజల వాసన పైకి రావడానికి చాలదు.

పెనం మీద కాల్చినప్పుడు బయటి ముఖాలు మాత్రమే కరకరలాడతాయి, లోపలి ముఖాలు మెత్తగానే ఉండి నింపినదానిని పట్టి ఉంచుతాయి. ఈ శాండ్‌విచ్‌ను వేడిగా తినడంలోని సుఖమంతా ఈ తేడాలోనే ఉందని నా అభిప్రాయం. అయితే సెగ సన్నగా ఉండాలి. బ్రెడ్ నిండా గాలి గదులుండడం వల్ల వేడి లోపలికి మెల్లగా చేరుతుంది కాబట్టి, మంట పెద్దదిచేస్తే పైభాగం మాడిపోయే సమయానికి కూడా లోపలి పీనట్ బటర్ చల్లగానే ఉంటుంది. మొదటి వైపు మూడు నిమిషాలు మూత పెట్టి కాల్చి, తిరగవేసిన తరువాత మూత తీసి మరో రెండు నిమిషాలు ఉంచితే సాధారణంగా సరిపోతుంది. అట్లకాడతో గట్టిగా అదమకూడదు, అదిమితే జెల్లీ పెనం మీదికి వచ్చి చక్కెర మాడుతుంది.

బయట రాయడానికి వెన్న మేలా, నెయ్యి మేలా అన్నది మన వంటింట్లో సహజంగా వచ్చే ప్రశ్న. వెన్నలో సుమారు 80 శాతం కొవ్వు, మిగిలిన దానిలో నీరు, కొద్దిగా పాల ఘనపదార్థాలు ఉంటాయి. ఆ ఘనపదార్థాలే బంగారు రంగునూ కమ్మని వాసననూ ఇస్తాయి, సెగ మించితే మాడేవీ అవే. నేతిలో అవి ఉండవు కాబట్టి మాడే భయం తక్కువ, కరకర ఎక్కువ. అయినా నేతి వాసన ద్రాక్ష రుచిని అణచివేస్తుంది కనుక, పెనం దగ్గర నిలబడే ఓపిక ఉన్నవారికి నేను వెన్ననే చెబుతాను.

పీనట్ బటర్ ఎంపికలో తీర్పు ఇంత సులువు కాదు. ఆ పేరుతో అమ్మే పదార్థంలో కనీసం 90 శాతం వేరుశనగ ఉండాలని అమెరికా నిబంధన చెబుతుంది. నూనె పైకి తేలకుండా హైడ్రోజనీకరించిన (హైడ్రోజన్ చేర్చి గట్టిపరచిన) నూనెను కలిపే రకాలు 1920లలో అమెరికా వ్యాపారి జోసెఫ్ రోజ్‌ఫీల్డ్ రూపొందించిన పద్ధతి నుంచి వచ్చినవే, ఇవి పెనం మీద కూడా చాలావరకు నిలకడగా ఉంటాయి. గింజలు, ఉప్పు మాత్రమే ఉన్న రకం వేడికి పలచబడి, దాని నూనె బ్రెడ్‌లోకి ఇంకుతుంది. రుచిలో మాత్రం ఈ రెండవదే గెలుస్తుంది. దానిని బాగా కలిపి, ఫ్రిజ్‌లో గట్టిపరచి, రెండు ముక్కలకూ పలచగా రాసి, జెల్లీని వాటి నడుమ ఉంచితే ఇబ్బంది చాలావరకు తీరుతుంది. అంచుల వెంట అరంగుళం మేర జెల్లీ రాయకుండా వదిలేయడం కూడా అవసరమే.

జెల్లీ అంటే వడగట్టిన పండ్లరసాన్ని చక్కెరతోనూ, పండ్లలో సహజంగా ఉండే జిగురు పదార్థమైన పెక్టిన్‌తోనూ పేరబెట్టినది, జామ్‌లో పండు గుజ్జు కూడా ఉంటుంది. వేడి తగిలితే జెల్లీ కారుతుంది, జామ్ గుజ్జు ఆసరాతో నిలుస్తుంది. ఇక్కడి దుకాణాలలో జెల్లీ అరుదు, మిక్స్‌డ్ ఫ్రూట్ జామ్ సులభంగా దొరుకుతుంది, కనుక పెనం విషయంలో మనకు నష్టమేమీ లేదు. వెచ్చగా ఉన్నప్పుడు తీపి మరింత తెలుస్తుంది కాబట్టి, పరిమాణం తగ్గించడమో, రాస్ప్‌బెర్రీ వంటి పుల్లని జామ్‌ను ఎంచుకోవడమో మంచిది.

పిల్లల లంచ్ బాక్సుకైతే ఈ రెండు వేడి పద్ధతులూ పనికిరావు. మూసిన డబ్బాలో ఆవిరి పట్టి, పెనం మీద కాల్చినది మధ్యాహ్నానికి మెత్తగా సాగుతుంది, అక్కడ కాల్చని శాండ్‌విచ్‌దే పైచేయి. ఇంట్లో వేడిగా పెట్టేటప్పుడు మాత్రం పెనం మీది నుంచి తీసిన రెండు నిమిషాల తరువాతే కోయాలి. పైన బ్రెడ్ గోరువెచ్చగా తోచినా లోపలి జెల్లీ నాలుకను కాల్చేంత వేడిగా ఉంటుంది.