డీఎల్ఎల్ లేదంటోందా? ఒక్క ఫైల్ తెచ్చుకోవడం మేలా, ప్యాకేజీ వేయడం మేలా?

మా అక్క కొడుకు బీటెక్ మూడో ఏడు చదువుతున్నాడు. ప్రాజెక్ట్ రివ్యూ ఇంకో రెండు రోజులుందనగా రాత్రి పదిన్నరకు ఫోన్ చేశాడు. "మామయ్యా, సాఫ్ట్‌వేర్ తెరుచుకోవట్లేదు. ఏదో డీఎల్ఎల్ లేదంటోంది. నెట్‌లో వెతికి వేశాను. అది పోయి ఇంకో ఎర్రర్ వచ్చింది" అన్నాడు. గొంతులో టెన్షన్ తెలిసిపోతోంది.

స్క్రీన్ ఫొటోలు పంపమన్నాను. మొదటిదాంట్లో ఎంఎస్‌వీసీపీ140.డీఎల్ఎల్ దొరకలేదని ఉంది. వాడు ఆ పేరుతో వెతికి, ముందు కనబడిన సైట్ నుంచి ఫైల్ డౌన్‌లోడ్ చేసి, సిస్టమ్32 ఫోల్డర్‌లో వేశాడు. అప్పుడు వీసీరన్‌టైమ్140 లేదంది. అదీ తెచ్చి వేశాడు. మూడోసారి ఏ ఫైల్ పేరూ చెప్పకుండా 0ఎక్స్‌సీ000007బీ అనే కోడ్ ఒక్కటే వచ్చింది. ఇక ఏం వెతకాలో తెలియక నాకు ఫోన్ చేశాడు.

అసలు డీఎల్ఎల్ అంటే ఉమ్మడి సామాను. పల్లెల్లో పెళ్లి వంటలకు కావలసిన పెద్ద గుండిగలు, గంగాళాలు ప్రతి ఇంట్లోనూ ఉండవు కదా. గుడిలోనో సంఘంలోనో ఉంటాయి, కార్యం ఉన్నవాళ్లు తెచ్చుకుంటారు. ప్రోగ్రాములూ అంతే. లెక్కలు చేయడం, అక్షరాలు చూపించడం, ఫైల్ తెరవడం లాంటి పనులకు ప్రతి ప్రోగ్రామూ సొంతంగా కోడ్ మోసుకురాకుండా, ఒకచోట ఉన్న లైబ్రరీని అందరూ వాడుకుంటారు. అది పోయినా, పాడైనా దాని మీద ఆధారపడ్డ ప్రోగ్రామ్ లేవదు. అందుకే ఎర్రర్ రాగానే నేను చూసేది ఒక్కటే: ఈ ఫైల్ ఎవరి సరుకు? అది తేలితే ఏ దారిలో వెళ్లాలో దానంతటదే తేలిపోతుంది.

మా వాడి ఫైళ్లు విజువల్ సీ ప్లస్ ప్లస్ రన్‌టైమ్‌వి, అంటే ఆ భాషలో రాసిన ప్రోగ్రాములు నడవడానికి కావలసిన ఉమ్మడి ఫైళ్లు. మైక్రోసాఫ్ట్ వాటిని రీడిస్ట్రిబ్యూటబుల్ అనే ప్యాకేజీగా ఉచితంగా ఇస్తుంది. పేరులోని అంకెను చూస్తే ఏ ప్యాకేజీయో తెలిసిపోతుంది. ఎంఎస్‌వీసీఆర్100 అయితే 2010ది, 110 అయితే 2012ది, 120 అయితే 2013ది. 140 అని ఉంటే 2015, ఆ తర్వాతి వెర్షన్లన్నిటికీ కలిపి ఇచ్చే ఒకటే ప్యాకేజీ. పాత ఆటలు అడిగే డీ3డీఎక్స్9_43, ఎక్స్ఇన్‌పుట్1_3 మాత్రం విండోస్‌లో ఆటల బొమ్మలు, శబ్దాల పని చూసే డైరెక్ట్ఎక్స్‌కు చెందినవి. వాటికి 2010 జూన్‌లో వచ్చిన డైరెక్ట్ఎక్స్ ఎండ్ యూజర్ రన్‌టైమ్ కావాలి. మీ విండోస్‌లో డైరెక్ట్ఎక్స్ 12 ఉన్నా సరే, ఆ పాత ఫైళ్లు దాంతో రావు.

ఇప్పుడు ఒక్క ఫైల్ తెచ్చుకోవడానికీ ప్యాకేజీ వేయడానికీ తేడా చూద్దాం. ఒక్క ఫైల్ తేవడం చూడటానికి తేలిక, నిమిషంలో అయిపోతుంది. కానీ డీఎల్ఎల్ ఒంటరిగా బతకదు. మా వాడికి జరిగినట్టు ఒకటి రాగానే దానికి కావలసిన రెండోదాన్ని అడుగుతుంది. పైగా 32 బిట్, 64 బిట్ గొడవ ఒకటి. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 అనే ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్‌వి సిస్‌వావ్64లో ఉంటాయి. పేర్లు తారుమారుగా కనిపిస్తాయి కానీ నిజం అదే. మా వాడు దించుకున్నవి 32 బిట్ ఫైళ్లు, వేసింది సిస్టమ్32లో. 64 బిట్ ప్రోగ్రామ్ వాటిని పట్టుకోబోయి కుదరక ఆ 0ఎక్స్‌సీ000007బీ చూపించింది.

నన్ను అసలు భయపెట్టేది వేరే ఉంది. ఆ ఫైల్‌ను ఎవరు తయారుచేశారో, మధ్యలో ఎవరు ఏం కలిపారో మనకు తెలియదు. డీఎల్ఎల్‌లో ఉండేది కోడ్. ప్రోగ్రామ్‌కు ఉన్న అధికారాలన్నీ దానికీ వస్తాయి. మీ సిస్టమ్‌లో ఇలాంటి ఫైల్ ఇప్పటికే వేసి ఉంటే దాని మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్ తెరవండి. రన్‌టైమ్ ఫైల్ అసలుదైతే డిజిటల్ సిగ్నేచర్స్ అనే ట్యాబ్, అందులో మైక్రోసాఫ్ట్ పేరు ఉంటాయి. ఆ ట్యాబే లేకపోతే ఆ ఫైల్‌ను ఉంచుకోవద్దు.

ప్యాకేజీ వేస్తే ఫైళ్లన్నీ కలిసి, సరైన వెర్షన్‌లో, సరైన ఫోల్డర్లలో కూర్చుంటాయి. మా వాడితో ముందు ఆ రెండు ఫైళ్లూ తీసేయించాను. ఇది మర్చిపోకూడదు. అక్కడ ఉన్న ఫైల్ వెర్షన్ అంకె కొత్తదానికి సమానంగానో పెద్దగానో ఉంటే ఇన్‌స్టాలర్ దాన్ని కదపకుండా వదిలేయవచ్చు. తర్వాత మైక్రోసాఫ్ట్ సొంత సైట్ నుంచి ఎక్స్64 (64 బిట్‌ది), ఎక్స్86 (32 బిట్‌ది) రెండూ దించి వేయించాను. విండోస్ 64 బిట్ అయినా మనం వాడే ప్రోగ్రాముల్లో కొన్ని 32 బిట్‌వి ఉంటాయి కాబట్టి రెండూ ఉండటమే మంచిది. రీస్టార్ట్ చేశాక సాఫ్ట్‌వేర్ తెరుచుకుంది. ఫైల్ ఉండి పాడైందనే అనుమానం ఉంటే కొత్తగా దించనక్కర్లేదు. కంట్రోల్ ప్యానెల్‌లో ఆ ప్యాకేజీని ఎంచుకుని చేంజ్ నొక్కితే రిపేర్ అని కనిపిస్తుంది.

ఇలాంటప్పుడు చాలామంది ఎస్ఎఫ్‌సీ (సిస్టమ్ ఫైల్ చెకర్) అనే విండోస్ కమాండ్ నడపమని చెబుతారు. అది మంచి పనిముట్టే, కానీ దాని పని వేరు. విండోస్ సొంత ఫైళ్లను మాత్రమే అది సరిచూసి, పాడైనవాటి బదులు విన్‌ఎస్ఎక్స్ఎస్ ఫోల్డర్‌లో దాచిన మంచి ప్రతులు పెడుతుంది. ఎంఎస్‌వీసీపీ140 దాని జాబితాలోది కాదు. అంకె లేని ఎంఎస్‌వీసీఆర్‌టీ, కెర్నెల్32 లాంటివి విండోస్‌వి, వాటికి ఇదే సరైన మందు. అప్‌డేట్ మధ్యలో కరెంటు పోయి ఫైళ్లు చెడినప్పుడు నేను దీన్నే నమ్ముకుంటాను. ఒక్కోసారి ఆ దాచిన ప్రతులే చెడిపోయి ఉంటాయి. అందుకే ముందు ఆ ప్రతులను బాగుచేసే డిజమ్ (డీఐఎస్ఎం) రీస్టోర్‌హెల్త్ అనే కమాండ్ నడిపి, ఆ తర్వాత ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ నడపాలి. రెండింటికీ కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరవాలి. డిజమ్ మంచి ఫైళ్లను మామూలుగా విండోస్ అప్‌డేట్ నుంచి తెచ్చుకుంటుంది కాబట్టి నెట్ ఉండాలి. ఒకే శాతం దగ్గర చాలాసేపు ఆగినట్టు కనిపిస్తే కంగారుపడి మూసేయకండి.

ఫైల్ పేరు ప్యాకేజీలవాటిలోనూ, విండోస్ సొంతవాటిలోనూ లేకపోతే అది ఆ ప్రోగ్రామ్ సొంతదే అయి ఉంటుంది. అప్పుడు ప్రోగ్రామ్‌ను తీసేసి మళ్లీ వేయడమే మార్గం. ఎర్రర్ మెసేజ్ చివర్లో విండోస్ చెప్పేదీ అదే. ముందు ఒకసారి యాంటీవైరస్ హిస్టరీ చూడండి, అదే ఫైల్‌ను పక్కన పెట్టేసి ఉండవచ్చు. క్రాక్ చేసిన సాఫ్ట్‌వేర్‌లో ఇలా జరిగితే మాత్రం, ఆ ఫైల్‌ను బలవంతంగా వెనక్కి తెచ్చి యాంటీవైరస్ నోరు మూయించడం నేను ఎవరికీ చెప్పను.

అన్ని డీఎల్ఎల్‌లనూ ఒక్క క్లిక్‌తో బాగుచేస్తామనే సాఫ్ట్‌వేర్లకు డబ్బు కట్టకండి. పైన చెప్పిన పనులన్నీ ఉచితమే.

లైనక్స్ వాడేవాళ్లకూ ఇదే కథ వేరే పేర్లతో వస్తుంది. ఉబుంటు అనే లైనక్స్ రకంలో 22.04 వెర్షన్‌తో, నెట్ సంభాషణను భద్రంగా ఉంచే ఓపెన్ఎస్ఎస్ఎల్ లైబ్రరీ 3వ వెర్షన్ వస్తుంది కాబట్టి, పాత ప్రోగ్రాములు దాని పాత ఫైలైన లిబ్ఎస్ఎస్ఎల్.ఎస్ఓ.1.1 లేదని ఆగిపోతాయి. కొత్త లైబ్రరీకి పాత పేరుతో లింక్ పెట్టి దాటేద్దామనుకుంటే కుదరదు. లోపలి వెర్షన్ గుర్తులు కలవక ప్రోగ్రామ్ మళ్లీ ఆగుతుంది. ఎల్‌డీడీ కమాండ్‌తో ఏవేవి లేవో చూసుకుని, ఆ ప్రోగ్రామ్‌లో 22.04 కోసం చేసిన కొత్త వెర్షన్ ఉంటే దాన్ని వేసుకోవడం మేలు.

ఇక ఏ దారీ ఎంచుకోకూడని సందర్భం ఒకటుంది. ఈరోజు బాగుచేసిన ఫైల్ వారానికి మళ్లీ చెడింది, మరో వారానికి ఇంకోటి చెడింది అంటే అనుమానించాల్సింది డిస్క్‌ను, ర్యామ్‌ను. అప్పుడు రిపేర్లు, విండోస్ రీసెట్‌లు అంటూ డిస్క్ మీద ఇంకా భారం వేయకండి. ముందు ఫొటోలు, డాక్యుమెంట్లు, పిల్లల ప్రాజెక్ట్ ఫైళ్లు వేరే డ్రైవ్‌లోకి కాపీ చేసుకుని, ఆ తర్వాతే డిస్క్ పరీక్షకు దిగండి.