వాటాల లెబనాన్, మెజారిటీ శ్రీలంక

లెబనాన్‌లో అధికారాన్ని మతాలవారీగా పంచారు: అధ్యక్షుడు మారోనైట్ క్రైస్తవుడు, ప్రధాని సున్నీ, స్పీకర్ షియా. అయినా 1975లో అంతర్యుద్ధం వచ్చింది. పార్టీలకు రాజీ కుదరక 2022 అక్టోబరు నుంచి 2025 జనవరి దాకా అధ్యక్ష కుర్చీ ఖాళీ. లెక్కలు తేలితే వాటాలు మారతాయని 1932 తర్వాత జనగణనే చేయలేదు.

శ్రీలంకలో ఎక్కువమంది మాటే చెల్లింది. 1956లో సింహళమే అధికార భాష అన్నారు. సర్కారు కొలువులో ఉన్న తమిళ గుమాస్తాకు ఒక్కసారిగా తన ఆఫీసే పరాయిదైంది. 1972 రాజ్యాంగం బౌద్ధానికి అగ్రస్థానం ఇచ్చింది. 1983 నుంచి 2009 దాకా యుద్ధం. ఆ రెండు నిర్ణయాలూ ఓట్లతో గెలిచిన ప్రభుత్వాలవే. నన్ను ఎక్కువ కలవరపెట్టేది అదే.

రెంటిలో ఒకటి ఎంచుకోమంటే నా ఓటు వాటాలకే, కానీ గడువు పెట్టి. మత వాటాలు క్రమంగా ఎత్తేస్తామని లెబనాన్ నాయకులు అంతర్యుద్ధం ముగించేందుకు చేసుకున్న 1989 తాయిఫ్ ఒప్పందంలో రాసుకున్నారు. అది ఇంకా కాగితం మీదే ఉంది.