జీవపరిణామం చెప్పడానికి ఏది మేలు: గోడమీది చార్టా, దశావతారాలా, సముద్రపు రాళ్లా?

"కోతి నుంచి మనిషి వచ్చాడంటారు కదా మేడమ్, మరి సింహాచలం కొండమీద కోతులు ఇంకా కోతుల్లాగే ఎందుకున్నాయి?"

బయాలజీ చెప్పడం మొదలుపెట్టిన దగ్గర్నుంచి ఈ ప్రశ్న వినని సంవత్సరం లేదు. అడిగిన పిల్లాణ్ణి చూసి మిగతావాళ్లు నవ్వుతారు, నేను నవ్వనివ్వను. వాడికి మనం చూపించిన బొమ్మ చూస్తే ఎవరికైనా ఆ అనుమానమే వస్తుంది.

ఈ పాఠాన్ని నేను మూడు రకాలుగా చెప్పి చూశాను: గోడకు చార్టు తగిలించి, దశావతారాలతో పోల్చి, తీరంలో రాళ్ల దగ్గరికి తీసుకెళ్లి. తర్వాత పిల్లలు ఏమడుగుతున్నారో దాన్నిబట్టే ఏది మేలో తేల్చుకున్నాను.

2023లో ఎన్‌సీఈఆర్‌టీ పదో తరగతి సైన్స్ పుస్తకంలో పరిణామం భాగాన్ని తీసేసి వంశపారంపర్యం మాత్రమే ఉంచింది. అలా చేయొద్దని 1,800 మందికి పైగా శాస్త్రవేత్తలు, టీచర్లు బహిరంగ లేఖ రాశారు. పన్నెండో తరగతి బయాలజీలో ఉంది కదా అంటారు. విశాఖలో పది అవగానే ఎంపీసీలో చేరిపోయే పిల్లలు ఎంతమందో మనకు తెలుసు. వాళ్లు ఆ తర్వాత బయాలజీ పుస్తకం ముట్టుకోరు. అందుకే పదిలోపు ఒక్కసారైనా ఇది సరిగ్గా చెప్పాలని నా పట్టుదల.

చార్టు సంగతి తొందరగా చెప్పేస్తాను. వంగి నడిచే కోతి, కొంచెం లేచిన కోతి, చివర నిటారుగా మనిషి. తేలిక, ఖర్చు లేదు, బొమ్మ గుర్తుంటుంది. కానీ అది చూసిన పిల్లలకు పరిణామం అంటే ప్రమోషన్ అనిపిస్తుంది: ఒక కోతి పాసై మనిషి అయింది, మిగతావి ఫెయిలై ఉండిపోయాయి. ఇప్పుడు చార్టు పెట్టినా పక్కనే వంశవృక్షం గీస్తాను. "మీ పెదనాన్న పిల్లలూ మీరూ ఒకే తాతగారి మనవలు. పెదనాన్న కొడుక్కి నువ్వు పుట్టలేదు. నువ్వు పుట్టావని అతను మాయమైపోడు కూడా." చింపాంజీలకూ మనకూ ఉమ్మడి పూర్వీకులు సుమారు 60, 70 లక్షల ఏళ్ల కిందట ఉండేవారు. కొండమీద కోతులతో చుట్టరికం ఇంకా దూరం, రెండు కోట్ల ఏళ్లకు పైమాటే.

దశావతారాల పోలిక ఇళ్లలో పెద్దవాళ్లు ఎంతో ప్రేమగా చెబుతారు. మత్స్యం నీళ్లలో, కూర్మం నీళ్లలోనూ నేలమీదా, వరాహం నేలమీద, నరసింహుడు సగం మృగం సగం మనిషి. వరాహాన్నీ నరసింహుణ్ణీ ఒకే మూర్తిలో కొలిచే అప్పన్న సన్నిధి మన ఊళ్లోనే ఉంది కాబట్టి ఇక్కడి పిల్లలకు ఇది ఇట్టే ఎక్కుతుంది. నీళ్లలోంచి నేలమీదికి అన్న వరస గుర్తుంటుంది, ఇంట్లో గొడవా రాదు. రెండేళ్లు నేనూ ఇలాగే మొదలుపెట్టాను.

మానేయడానికి కారణం ఒకమ్మాయి అడిగిన మాట: "మరి తర్వాత ఏ జంతువు రావాలో ఎవరు నిర్ణయిస్తారు మేడమ్?" అవతారం ఒక సంకల్పంతో, ఒక పనికోసం వస్తుంది. పరిణామంలో సంకల్పం లేదు. పుట్టిన పిల్లల్లో చిన్నచిన్న తేడాలుంటాయి, వాటిలో కొన్ని బతకడానికి పనికొస్తాయి, బతికినవాటి పిల్లలు పెరుగుతాయి, అంతే. దీన్నే ప్రకృతి వరణం అంటారు. పోలికతో వరస వచ్చింది గానీ అసలు విషయం జారిపోయింది. పైగా సైన్స్‌లో చెప్పిన మాటను పరీక్షకు పెట్టగలగాలి. పరిణామం తప్పని దేనితో తేలుతుందని అడిగితే బ్రిటిష్ జీవశాస్త్రవేత్త జె.బి.ఎస్. హాల్డేన్, కుందేళ్లు పుట్టడానికి కోట్ల ఏళ్ల ముందటి ప్రీకేంబ్రియన్ కాలపు రాళ్లలో కుందేలు శిలాజం చూపించమన్నారని చెబుతారు. కైలాసగిరి కొండరాయి ఖోండలైట్, ఆ ప్రీకేంబ్రియన్ కాలానిదే. దాదాపు 100 కోట్ల ఏళ్ల కిందట భూమి లోతుల్లో కాలి, నలిగి తయారైంది. అందులో కుందేలు కాదు కదా, ఎముక ముక్క కూడా ఉండదు. హాల్డేన్ 1957లో మన దేశానికి వచ్చేశారు. 1964లో భువనేశ్వర్‌లో పోయాక, ఆయన కోరిక ప్రకారం దేహాన్ని కాకినాడ రంగరాయ మెడికల్ కాలేజీకి ఇచ్చారు. ఈ సంగతి చెప్పినప్పుడు క్లాసంతా నిశ్శబ్దమైపోతుంది.

ఇక రాళ్లు. తెన్నేటి పార్కు కింద గానీ, జోడుగుళ్లపాలెం దగ్గర గానీ సముద్రం పాటు మీద ఉన్నప్పుడు దిగితే, రాళ్లమీద తెల్లగా గరుకుగా శంకువుల్లాంటివి కనిపిస్తాయి. బార్నకిల్స్. పిల్లలు వాటిని రాయే అనుకుంటారు. అవి అంటుకున్న చిన్న గులకరాయిని స్టీలు డబ్బాలో సముద్రపు నీళ్లు పోసి పెడతాను. కదలకుండా చూస్తూ ఉండమంటాను. కాసేపటికి పైన మూత విచ్చుకుని, ఈకల్లాంటి సన్నటి కాళ్లు బయటికి వచ్చి నీటిని దువ్వడం మొదలుపెడతాయి. "అయ్యబాబోయ్, బతికుంది!" అని ఒకేసారి అరుస్తారు. ఇది నత్తకి కాదు, రొయ్యకీ పీతకీ చుట్టం అని చెబితే నమ్మరు. డార్విన్ వీటిమీదే 1846 నుంచి ఎనిమిదేళ్లు కూర్చున్నాడు. 'జాతుల పుట్టుక' పుస్తకం 1859లో వచ్చింది.

అసలు పాఠం మాత్రం ఇసుకలో ఉంటుంది. కెరటం వెనక్కి పోగానే తడి ఇసుకలోకి గబగబా దూరిపోయే గోరంత చిప్పల్ని గుప్పెడు తెమ్మంటాను. ఒకటి తెల్లన, ఒకటి ఊదా, ఒకటి గోధుమరంగు చారలు. ఒకే చోట, ఒకే రకం, ఇన్ని తేడాలు. చూశాక వదిలేస్తాం. తర్వాత ఖాళీ చిప్పలు ఏరిస్తాను. చాలావాటికి కొలిచి వేసినట్టు గుండ్రటి చిల్లు ఉంటుంది, బయటవైపు వెడల్పు, లోపలికి సన్నం. ఆడపిల్లలు దండలు గుచ్చడానికి ఏరుకునేవి ఇవే. ఆ చిల్లు వేసింది ఒక జాతి నత్త. నాలుకతో గీరి, ఆమ్లంతో మెత్తబరచి, లోపలి జీవిని తినేస్తుంది. అప్పుడప్పుడూ సగంలో ఆగిపోయిన చిల్లు దొరుకుతుంది. ఒకసారి అలాంటిదే అరచేతిలో పెట్టుకుని ఒక కుర్రాడు చాలాసేపు చూసి, "దీనికి పెంకు మందంగా ఉండి బతికిందేమో మేడమ్. అయితే దీని పిల్లలకీ మందం పెంకులే వస్తాయా?" అన్నాడు. సగం చిల్లుకు వేరే కారణాలూ ఉండొచ్చని చెప్పాను. అయినా ప్రకృతి వరణం గురించి ఆ మాత్రం ప్రశ్న నా తరగతి గదిలో ఎప్పుడూ పుట్టలేదు.

రాళ్ల దగ్గర దొరకనిది కాలం. కోట్ల ఏళ్లను చిప్ప చూపించదు. దానికి మళ్లీ కైలాసగిరి రాయి దగ్గరికే వస్తాను. పిల్లల్ని తీసుకెళ్లడానికి పర్మిషన్లు, టెన్షన్ కూడా తక్కువేం కాదు. అయినా మూడింట్లో ఒక్కటే ఎంచుకోమంటే తీరమే అంటాను.

తల్లిదండ్రులతో అయితే ఇవేవీ కాదు, మందుల గురించి మాట్లాడతాను. క్షయకు ఆరు నెలల కోర్సు మధ్యలో ఎందుకు ఆపకూడదు? బలహీనమైన క్రిములు ముందు చస్తాయి, మందును కాస్త తట్టుకునేవి మిగిలి పెరుగుతాయి, తర్వాత అదే మందు పనిచేయదు. మీటింగ్‌కి వచ్చిన ఒక అమ్మమ్మ ఇది విని, "అంటే మనమే మొండివాటిని ఏరి పెంచుతున్నామన్నమాట" అంది.

పిల్లల్ని తీసుకెళ్లాలనుకుంటే అమావాస్యకో పౌర్ణమికో దగ్గరగా, పాటు సమయం చూసుకుని, గంట ముందే చేరండి. నాచుమీద కాలు జారుతుంది, పట్టున్న చెప్పులు వేయించండి. ఎవర్నీ నీళ్లలోకి దిగనివ్వకండి. తిప్పిన రాయిని మళ్లీ ఉన్నట్టే పెట్టించండి, దాని కింద కాపురముండే జీవాలున్నాయి.