మిస్సమ్మ మళ్లీ చూశా, 70 ఏళ్లైనా మన కథే

సంక్రాంతి సెలవుల్లో అమ్మా నేనూ కూర్చుని మిస్సమ్మ మళ్లీ చూశాం. 1955లో వచ్చిన సినిమా, చిన్నప్పుడు టీవీలో పాటల కోసం చూశా గానీ ఈసారి కథ గట్టిగా తగిలింది.

చదువుకున్న ఇద్దరికి ఉద్యోగాల్లేవు, జమీందారు గారి స్కూల్లో టీచర్లు కావాలంటే మొగుడూ పెళ్లాలై ఉండాలన్నది షరతు, దాంతో ఎన్టీఆర్, సావిత్రి ఉత్తుత్తి భార్యాభర్తలుగా ఆ ఊరు చేరతారు. నేను డిగ్రీ అయ్యాక ఎస్సార్ నగర్‌లో రూమ్ కోసం తిరిగినప్పుడు ఏ గేటు చూసినా ఫ్యామిలీస్ ఓన్లీ బోర్డే, ఒక ఓనరైతే తలుపు సగమే తీసి "పెళ్లైందా?" అనడిగి, లేదనగానే మూసేశాడు, అద్దె ఎంతిస్తానో కూడా వినలేదు. అందుకే వాళ్లు అబద్ధమాడుతుంటే నాకు తప్పనిపించలేదు, అబద్ధమాడించిన ఆ షరతు మీదే కోపం వచ్చింది.

ఈ సినిమాలో నాకు బాగా నచ్చింది అదే, ఉద్యోగం లేనివాళ్లని చూసి నవ్వమనదు, వాళ్లని ఆ ఇరకాటంలో పెట్టిన పద్ధతిని చూసి నవ్విస్తుంది. ఎస్వీ రంగారావు జమీందారు చాలా మంచాయన, కానీ ఆయన ప్రేమ చూపించే కొద్దీ వీళ్లకి ఊపిరాడదు. క్రిస్టియన్ అయిన మేరీ బొట్టు పెట్టుకోవాల్సి వస్తుంది చూడండి, సావిత్రి మొహంలో ఆ చిరాకు, వెనకే ఆ అవసరం, రెండూ ఒకేసారి కనిపిస్తాయి, అమ్మ అక్కడ పాజ్ చెయ్యమంది. అప్పు అడ్డం పెట్టుకుని పెళ్లి చేసుకొమ్మనే రమణారెడ్డి డేవిడ్‌ని చూసి నవ్వుతాం గానీ అలాంటోళ్లు ప్రతి ఊళ్లో ఉన్నారు. రేలంగి డబ్బుని తైలం అంటాడు, మా ఇంట్లో ఇప్పటికీ అదే మాట.

ఒక్కటే అసంతృప్తి, చివర్లో మేరీ జమీందారు గారి తప్పిపోయిన కూతురే అని తేల్చేస్తారు, దాంతో వేరే మతం వాళ్లు కలిసి బతకడం ఎలా అన్న అసలు చిక్కు తేలిగ్గా తప్పిపోయింది, అక్కడ ఇంకాస్త ధైర్యం చెయ్యాల్సింది.

మేం ఫ్రీగా దొరికిన ప్రింట్ చూశాం, సౌండ్ గరగర, పాట మధ్యలో యాడ్స్, అలా చూడకండి, శుభ్రమైన కాపీ వెతుక్కోండి. రేటింగ్ 5కి 4.5. ఇంట్లో ఉద్యోగం వెతుక్కుంటున్న పిల్లలుంటే వాళ్లని పక్కన కూర్చోబెట్టుకుని చూడండి.