మూకీల్లో కాబరే డ్యాన్సులు: ముందు లియాన్, తర్వాతే పారిస్

తొలినాటి మూకీల్లోని కాబరే డ్యాన్సులంటే ఇష్టమున్నవాళ్లు ఫ్రాన్స్ వెళ్తే ముందు లియాన్ చూడండి. మెట్రో డి లైన్‌లో మోంప్లేజీర్-లూమియేర్ స్టేషన్‌లో దిగితే తొలితరం సినిమాలు తీసిన లూమియేర్ అన్నదమ్ముల భవంతి పక్కనే. ఇప్పుడది మ్యూజియం, సోమవారం సెలవు. నిమిషం కూడా ఉండని వాళ్ల సినిమాలు తెరల మీద ఆడుతుంటాయి. హడావుడి లేదు, ఎంతసేపైనా నిలబడి చూడొచ్చు.

లూమియేర్లు తీసినవాటిలో నాకు ప్రాణం సర్పెంటైన్ డ్యాన్సే. ఈ డ్యాన్స్‌కు పేరు తెచ్చింది లోయీ ఫుల్లర్ అనే అమెరికన్. బారెడు పట్టుబట్టను చేతికర్రలతో తిప్పుతూ, దాని మీద రంగు లైట్లు వేయించుకునేది. ఇందులో కథ లేదు కాబట్టి కాపీరైట్ కుదరదని 1892లో న్యూయార్క్ కోర్టు చెప్పేసింది. దాంతో ఎవరు పడితే వాళ్లు ఆడేశారు. లూమియేర్ సినిమాలో ఉన్నది కూడా ఫుల్లర్ కాదు, ఇంకెవరో. ఆ ఆడినామె పేరు నిలవలేదు, డ్యాన్స్ మాత్రం నిలిచింది. స్టేజీ మీద లైట్లు చేసిన పనిని ఫిల్మ్ మీద కుంచె చేసింది: ఒక్కో ఫ్రేముకూ చేత్తో రంగు వేశారు. బట్ట పసుపు నుంచి ఎరుపుకి మారుతుంటే నాకు కళ్లు చెమర్చాయి.

లియాన్ నుంచి పారిస్‌కు టీజీవీ అనే హైస్పీడ్ రైల్లో రెండు గంటలు. 1895 డిసెంబర్ 28న లూమియేర్లు టికెట్ పెట్టి సినిమా చూపించిన గ్రాండ్ కఫే చోట ఇప్పుడు ఖరీదైన హోటల్ ఉంది, గోడ మీద ఫలకం తప్ప చూడటానికేం లేదు. ఫుల్లర్ ఆడిన ఫోలీ బెర్జేర్ థియేటర్‌ను బయటి నుంచి చూసినా చాలు. మూలాన్ రూజ్ కాబరే టికెట్ చాలా ఎక్కువ, అక్కడ ఆడేది ఈ కాలపు షో. మన పని మూకీలతో కాబట్టి ఆ డబ్బు మిగుల్చుకోండి.

దానికి బదులు గోబ్లాఁ వీధిలో పాత సినిమాలను భద్రపరిచే పాథే ఫౌండేషన్‌కి వెళ్లండి. చిన్న హాలు, మూకీ నడుస్తుంటే పక్కనే పియానో వాయిస్తారు. మూకీని చూడాల్సిన తీరు అదే. ఏ రోజు ఏది వేస్తారో ముందే చూసుకోండి, సీట్లు తక్కువ.

బస విషయానికొస్తే, పిగాల్‌లో నేను దిగిన హోటల్‌లో వీధి గోలకి నిద్రే లేదు. ప్లాస్ దితాలీ వైపు తీసుకుంటే ఫౌండేషన్ నడక దూరం, వియత్నాం హోటళ్లలో అన్నం దొరుకుతుంది. ఇడ్లీ, దోశే కావాలంటే మాత్రం మెట్రో ఎక్కి లా షపెల్ తమిళుల హోటళ్లకి వెళ్లాల్సిందే.