పేర్ల అర్థాలు చెప్పే యాప్‌లు: ఏది నమ్మాలి, ఎలా సరిచూసుకోవాలి

బారసాల దగ్గరపడేసరికి ఇంట్లో అందరి ఫోన్లలోనూ పిల్లల పేర్ల యాప్‌లు తెరుచుకుంటాయి. ఉచిత యాప్‌లు, సైట్లు, డబ్బు తీసుకుని పేరు కుదిర్చిపెట్టే సేవలు, వీటన్నిటికీ ఇక్కడ గీటురాయి ఒక్కటే. పేరు ఏ భాష మాట? ఆ భాషలో ఎలా రాస్తారు? ఏ పదం నుంచి వచ్చింది? ఈ మూడూ చెప్పకుండా ఇచ్చే అర్థాన్ని ఎవరో తోచింది రాసిపెట్టిన మంచిమాటగానే చూడాలి. ఆ లెక్కన ఉచిత యాప్‌లకు ఐదుకు ఒకటిన్నర మార్కులు, డబ్బు సేవలకు ఒకటి, పైసా ఖర్చు లేని నిఘంటువులకు నాలుగున్నర.

ముందు 'అనయ' చూడండి. యాప్‌లలో ఈ పేరు పక్కన 'శ్రద్ధ చూపేది', 'తనకు పైవాడు లేనిది' వంటి అర్థాలుంటాయి, భాష దగ్గర సంస్కృతం అని ఉంటుంది. సంస్కృతంలో నయం అంటే నీతి, సరైన నడత. దానికి ముందు 'అ' చేరితే అనయం, అంటే దుర్నీతి, కీడు. తెలుగు కావ్యాల్లో అనయము అంటే ఎల్లప్పుడు అనే అర్థం కూడా ఉంది, అది వేరే సంగతి. మరి 'శ్రద్ధ' ఎక్కడిది? అరబ్బీ 'ఇనాయా' నుంచి. ఇక బైబిల్లో నెహెమ్యా గ్రంథంలో కనిపించే అనాయా ఒక మగవాడు, ఆ హీబ్రూ పేరుకు 'యెహోవా జవాబిచ్చాడు' అని అర్థం. మూడు భాషల మూడు మాటలను ఒక్క ఇంగ్లీషు స్పెల్లింగు కింద కుప్ప పోసి, అందులో వినసొంపైన అర్థాన్ని ఏరి ఇస్తున్నారు. తప్పులకు మూలం ఇదే. రోమన్ లిపిలో హ్రస్వం, దీర్ఘం ఒకేలా ఉంటాయి, శ, ష కలిసిపోతాయి.

'కియారా' కూడా ఇంతే. ఐర్లండు పేరు కీరా 'నలుపు' అనే మాట నుంచి వచ్చింది. ఇటలీ పేరు క్యారా లాటిన్ 'క్లారుస్' నుంచి వచ్చింది, అంటే తేటైన, వెలుగుగల. ఒకటి చీకటి, ఒకటి వెలుగు. యాప్ రెంటినీ ఒకే వరుసలో పెడుతుంది.

'రేయాంశ్' దగ్గర మరీ బాధ కలుగుతుంది. 'సూర్యకిరణం', 'సూర్యుని అంశ' అని రాస్తారు. రవి, అంశ కలిస్తే యణాదేశ సంధి వచ్చి 'రవ్యంశ' అవుతుంది. బడిలో చదివిన సంధే. రేయాంశ్ ఎలా అయింది? పైగా తెలుగు చెవికి రేయి అంటే రాత్రి. పేరు బాగుందనిపిస్తే నిశ్చింతగా పెట్టుకోవచ్చు, కొత్త పేర్లు పుట్టడం తప్పేం కాదు. మైరా అనే పేరు 17వ శతాబ్దపు ఇంగ్లీషు కవి ఫుల్క్ గ్రెవిల్ కల్పన, వనెస్సా జొనాథన్ స్విఫ్ట్ కల్పన. కల్పించిన పేరును కల్పించిందని చెప్పాలి, లేని సంస్కృతాన్ని అంటగట్టకూడదు.

యాప్‌లు సరిగ్గా చెప్పేవీ ఉన్నాయి. విహాన్ అంటే ఉదయమే, ఆద్య అంటే మొదటిదే. అయాన్‌కు మాత్రం 'దేవుడిచ్చిన వరం' అనే చోట ఆగాలి. సోమాలీలో అది ఆడపిల్లల పేరు, అదృష్టం అని అర్థం. అరబ్బీలో పెద్దమనుషులు, ప్రముఖులు అనే బహువచనం. నిజంగా 'దేవుడిచ్చినవాడు' అనే పేరే కావాలంటే లోకమంతా వెతికినా కొదవ లేదు. మనకు దేవదత్త, గ్రీకుకు థియోడర్, స్లావ్ భాషలకు బొగ్డాన్, హీబ్రూకు నతానియేలు. మన ఊళ్లలోని అల్లాబక్షు కూడా అదే కోవ, పారసీలో బక్ష్ 'ఇవ్వడం' అనే క్రియకు చెందిన మాట.

ఇక డబ్బు సేవలు. ఇవి ఎక్కువగా సంఖ్యాశాస్త్రం మీద నడుస్తాయి. సీత పేరు తీసుకోండి. రోమన్ లిపిలో ఎస్, ఐ, టి, ఏ. అక్షరానికో అంకె ఇచ్చే కాల్డియన్ పట్టిక ప్రకారం 3, 1, 4, 1 కలిపితే 9. పైథాగరస్ పట్టిక ప్రకారం 1, 9, 2, 1 కలిపితే 13, అంటే 4. అదే పేరులో ఐ బదులు రెండు ఈలు పెట్టి, టి పక్కన హెచ్ చేరిస్తే కాల్డియన్‌లో 23, అంటే 5. ఒకే పిల్లకు మూడు అంకెలు! తెలుగులో రెండక్షరాల సీతకు, నాగేటి చాలు అనే దాని అర్థానికి ఈ లెక్కతో సంబంధమే లేదు. పైగా అదనపు అక్షరం ఒక కాగితంలో చేరి ఇంకో కాగితంలో చేరకపోతే ఆధార్, పాన్, పాస్‌పోర్టుల్లో పేర్లు కలవక తిరగాల్సింది పిల్లలే. నమ్మకం ఉంటే లెక్క వేయించుకోండి, కానీ ఏ పట్టిక వాడుతున్నారో ముందే అడగండి.

యాప్‌లలో నక్షత్రం అక్షరం ఇస్తే పేర్లు చూపించే భాగం కాస్త నయం. చిక్కు హస్త మూడో పాదం లాంటి చోట్ల వస్తుంది, అక్కడ అక్షరం 'ణ'. ణకారంతో మొదలయ్యే పేర్లు వాడుకలో లేవు. యాప్ ఖాళీ జాబితా చూపిస్తుంది, లేకపోతే చెప్పకుండా న అక్షరానికి దూకుతుంది. జన్మనామం ఒకటి, వ్యవహార నామం ఇంకొకటి పెట్టుకునే పాత పద్ధతిని ఒక్క వాక్యంలో గుర్తుచేస్తే సరిపోయేది.

వీటన్నిటికంటే పెద్ద లోటు మన సొంత పేర్లే లేకపోవడం. యాదగిరిగుట్ట నుంచి వచ్చిన యాదయ్య, యాదమ్మ, సమ్మక్క సారలమ్మల పేరున సమ్మయ్య, సారయ్య, సింహాచలం అప్పన్న పేరున అప్పలనాయుడు, విజయనగరం పైడితల్లి పేరున పైడిరాజు, గుంటూరు, నెల్లూరు వైపు హిందువుల ఇళ్లలోనూ వినిపించే మస్తాన్‌రావు, మస్తానమ్మ. ఈ పేర్లు వింటే ఏ దేవరకు మొక్కుకున్నారో తెలుస్తుంది. పెంటయ్య అయితే నవ్వులాటకు పెట్టిన పేరు కానే కాదు. పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతుంటే, ఈసారైనా దక్కాలని పెంటకుప్ప మీద పెట్టి మళ్లీ తెచ్చుకుని పెట్టుకున్న పేరు. మంగోలియాలో ఇదే భయంతో నెర్గుయి, అంటే 'పేరు లేదు' అని పెడతారు. నైజీరియా యోరుబాల్లో మలోమో అంటే 'మళ్లీ వెళ్లిపోకు' అని. ఒక తల్లి గుండెకోత ఉన్న పేరును 'పాత మోటు పేరు' అని పక్కన పెట్టే జాబితా మన భాషకు పనికిరాదు.

మరి ఎక్కడ చూడాలి? సంస్కృత పేర్లకు మోనియర్ విలియమ్స్ 1899 నిఘంటువు. కొలోన్ విశ్వవిద్యాలయం దాన్ని ఉచితంగా అందుబాటులో ఉంచింది. వెతికేటప్పుడు చాలామంది చేసే పొరపాటు పొల్లుతో వెతకడం. ఈశాన్, విహాన్ అనేవి హిందీ పలుకుబడి, నిఘంటువులో ఈశాన, విహాన అని చివర అకారంతో ఉంటాయి. దీర్ఘం కూడా సరిగ్గా ఇవ్వాలి. ఇషాన్ అని వెతికితే దొరకదు, ఈశాన అంటే శివుడు, మన ఈశాన్య మూలకు అధిపతి. అర్థం పక్కన రోమన్ 'ఎల్' అక్షరం కనిపిస్తే ఆ అర్థం కోశాల్లోనే ఉంది, గ్రంథాల్లో వాడిన దాఖలా దొరకలేదని గ్రహించాలి.

తెలుగు మాటలకు ఆంధ్రభారతి నిఘంటు శోధన. బ్రౌను నిఘంటువు, శబ్దరత్నాకరం, సూర్యరాయాంధ్ర నిఘంటువు అన్నీ ఒకేసారి వెతికిపెడుతుంది. విదేశీ పేర్లకు 1996లో మైక్ క్యాంప్‌బెల్ మొదలుపెట్టిన బిహైండ్ ది నేమ్ సైటు మంచిది. పేరు ఏ భాషదో, సొంత లిపిలో ఎలా ఉంటుందో చూపిస్తుంది, పాఠకులు పంపిన పేర్లను విడిగా ఉంచుతుంది. సోనియా రష్యన్ సోఫియాకు ముద్దుపేరని, దానికీ మన సొన్నానికీ, అంటే బంగారానికీ, చుట్టరికం లేదని అక్కడ తేలిపోతుంది. తెలుగు పల్లె పేర్లకు మాత్రం అది చాలదు.

అమెరికాలో ఉన్నవారు ఇంకొకటి చూసుకోవాలి. హర్షిత్, అక్షిత్ వంటి పేర్ల చివరి అక్షరాలు ఇంగ్లీషు బడిలో ఎలా వినిపిస్తాయో పైకి పలికి చూడండి. ఏ యాప్ కూడా దీన్ని హెచ్చరించదు.

యాప్‌లు 'త్వరపడండి' అని తొందరపెడితే కంగారు పడొద్దు. 1969 జనన మరణాల నమోదు చట్టం ప్రకారం పుట్టుకను 21 రోజుల్లో తెలియజేయాలి, పేరు లేకుండానే నమోదు చేయించవచ్చు. ఆ తర్వాత 12 నెలల్లోపు రుసుము లేకుండా, అటుపైన 15 ఏళ్ల వరకు ఆలస్య రుసుముతో పేరు చేర్పించుకోవచ్చు. బియ్యంలో ఉంగరంతో రాసే పేరును ముందు తెలుగులో, దీర్ఘాలతో, శ ష తేడాతో కాగితం మీద రాసుకుని, అదే అక్షరాలతో నిఘంటువు తెరవండి.